పాత పటాల షాపు పెడుతున్న మేనకోడలికి

కడప

పాపా,

బెంగళూరులో పాత పెయింటింగులు కొని అమ్మే షాపు పెడుతున్నావని మీ అమ్మ చెప్పింది. సంతోషమే. రాత్రి నిద్ర మాత్రం పట్టలేదు.

మంచి లెన్సు, అల్ట్రావయొలెట్ లైటు కొనుక్కో. బొమ్మ ఎవరి దగ్గర్నుంచి ఎవరికి వచ్చిందో కాగితాలడుగు. ఇవన్నీ కాలేజీలోనే చెప్పుంటారు.

రంగులకూ వయసుంటుంది. జర్మనీలో బెల్ట్రాకీ అనేవాడు తనే వేసి 1914 నాటిదని అమ్మిన బొమ్మలో టైటానియం తెలుపు దొరికింది. 1914లో ఆ రంగు ఇంకా అమ్మకానికే రాలేదు. వాడు జింకు తెలుపనుకునే కొన్నాడు, ట్యూబులో టైటానియం కలిసుందని పైన రాయలేదంతే!

ఇక నా సంగతి. మీ అమ్మకు కూడా తెలియదు.

1988లో ప్రొద్దుటూరు నుంచి ఒకడు లక్ష్మీదేవి పటం తెచ్చాడు, రవివర్మ చేత్తో వేసిందని. కొనేది మాకు తెలిసిన అయ్యవారు, రిటైరైన డబ్బుతో. "నువ్వు చూసి చెప్పు సామీ" అన్నారు. నేను బొమ్మను సరిగా చూడనే లేదు, పటం తిప్పి వెనక చూశా. టేకు ఫ్రేము, తుప్పు పట్టిన మేకులు, చెద తిన్న అట్ట. పటాలు కట్టేవాణ్ని, ఫ్రేము విషయంలో నన్నెవడు మోసం చేస్తాడు? బిల్లు కాగితం మీద 'అసలుదే' అని రాసి సంతకం పెట్టా.

ఆర్నెల్లకు మద్రాసులో ఎవరో లెన్సు పెట్టి చూస్తే రంగు కింద అచ్చు చుక్కలు కనబడ్డాయి. 1894లో రవివర్మ పెట్టిన ప్రెస్సు బొమ్మలు అప్పట్లో ఎన్ని ఇళ్లలో ఉండేవో! అలాంటి అచ్చుబొమ్మ మీదే ఆయిల్ రంగు పూశారు. అయ్యవారు పటం తెచ్చి నా బల్ల మీద పెట్టారు. అట్ట ఊడదీశా. ఫ్రేముకు రెండు వరసల మేకు బెజ్జాలు. మూలన పెన్సిల్‌తో నా చేతిరాత, కొలతల అంకెలు. ఫ్రేము నిజంగా పాతదే. అంతకు రెండేళ్ల ముందు పాత సామాన్లవాడికి పన్నెండు రూపాయలకు అమ్మింది నేనే.

ఆయన ఒక్క మాటా అనలేదు. తర్వాత కూడా పటాలు కట్టించుకోడానికి నా దగ్గరికే వచ్చేవారు. తిట్టుంటే బాగుండేది.

నీకు బాగా వచ్చిన పనిలోనే నువ్వు తొందరపడతావు. పదో తరగతి లెక్కల పరీక్ష అరగంట ముందే ఇచ్చేసి వచ్చిందానివి కాదూ? కోప్పడుతున్నాననుకోవద్దు తల్లీ. ఎవరు బతిమాలినా 'అసలుదే' అని రాసివ్వొద్దు. ఏం చూశావో రాయి, ఏం చూడలేదో అదీ రాయి.

ఆ ఫ్రేము ఖాళీగా మిద్దె గదిలో ఉంది. ఉగాదికి వచ్చేటప్పుడు లెన్సు తెచ్చుకో. మీ అత్త ఓళిగలు చేస్తుంది.

మీ మామ