మన పెళ్లిళ్లలోకి సంగీత్, హల్దీ ఎలా వచ్చాయి? ఇది టీవీ, ప్రపంచీకరణల ప్రభావమేనా?

చాలావరకు అవును. అయితే టీవీ ఒక్కదాని వల్లే కాదు.

1991 సంస్కరణల తర్వాత శాటిలైట్ ఛానళ్లు ఇళ్లలోకి వచ్చాయి. 1995లో ఈటీవీ, జెమిని మొదలయ్యాయి. అంతకుముందు తెలుగు కార్యక్రమాలకు దూరదర్శన్ ఒక్కటే దిక్కు. హిందీ సినిమాలు, సీరియళ్లలో ఉత్తరాది పెళ్లి తంతు చూసీ చూసీ మనకూ అలవాటైపోయింది. తర్వాత ఐటీ ఉద్యోగాలు, అమెరికా సంబంధాలు వచ్చాయి. చేతిలో డబ్బు ఆడింది, వేరే రాష్ట్రాల స్నేహితులు పెరిగారు. ఇప్పుడు ఇన్‌స్టాగ్రామ్ రీల్ కోసమే కొన్ని వేడుకలు పెడుతున్నారేమో అనిపిస్తుంది.

తమాషా ఏమిటంటే, హల్దీ మనకు కొత్తేమీ కాదు. పసుపు, నలుగు, మంగళస్నానం, పెళ్లికూతుర్ని చేయడం ఎప్పటినుంచో ఉన్నవే. గోరింటాకూ అంతే. మారింది పేరు, పసుపు రంగు డ్రెస్ కోడ్, ఫొటోగ్రాఫర్ చెప్పినట్టు నవ్వడం! నలుగు పాటలు పాడే అమ్మమ్మల చోట డీజే వచ్చాడు. నాకు బాధనిపించేది అదొక్కటే, ఎందుకంటే ఆ పాటలు చాలావరకు నోటితో నేర్చుకునేవి. పాడేవాళ్లు లేకపోతే పోతాయి.

జీలకర్ర బెల్లం, తలంబ్రాలు మాత్రం కదల్లేదు. డల్లాస్‌లో పెళ్లయినా ముహూర్తానికి అవి ఉండాల్సిందే. ఇక్కడి బంధువులు యూట్యూబ్ లైవ్‌లో చూస్తూ అక్షింతలు వేస్తున్నారు. అదీ ప్రపంచీకరణే కదా.