కథలంటే ఇష్టం, లెక్కలూ వచ్చు. సినిమా ప్రొడక్షన్‌లోకి రావచ్చా?

చెన్నైలో బీకాం చదివాను, కథలంటే పిచ్చి, ప్రొడక్షన్ ఎగ్జిక్యూటివ్ (సినిమా ఖర్చులు, షెడ్యూళ్లు చూసుకునే మనిషి) అయితే రోజంతా డైరెక్టర్ అడిగినదానికి "కుదరదు" అనడమే పనా అని అడిగారు. వడపళని, సాలిగ్రామం చుట్టూ పద్నాలుగేళ్లుగా ఇదే నా పని. "కుదరదు" అనడం కూడా ఉంటుంది. అయితే నాచేత ఎక్కువ ఖర్చు పెట్టించింది ఆ మాటే.

కొత్తలో ఒక చిన్న తెలుగు సినిమా, చెన్నై షెడ్యూల్, నవంబర్ నెల. రాత్రి వానలో హీరోయిన్ బస్టాపులో నిలబడే సీన్. కెమెరామన్ రెండు రెయిన్ ట్యాంకర్లు (సినిమా వాన కురిపించే నీళ్ల లారీలు), వెనక నుంచి వేయడానికి ఇంకో పెద్ద లైటు అడిగాడు. "చెన్నైలో నవంబర్లో పైనుంచి ఊరికే పడుతుంటే లారీ నీళ్లకు డబ్బులెందుకండీ" అని కొట్టేశాను. నిర్మాతగారు భుజం తట్టారు కూడా.

ఆ రాత్రి వాన దంచికొట్టింది. మానిటర్లో మాత్రం చుక్క కనపడలేదు. వెనక నుంచి వెలుగు పడితే తప్ప వానచినుకు కెమెరాకు ఆనదని నాకు అప్పటికి తెలియదు. ఎలాగో లైటు సర్ది రెండు షాట్లు తీశామో లేదో వాన ఆగిపోయింది. మొదటి షాట్‌లో జోరువాన, తర్వాతి షాట్‌కి వానే లేదు, ఇక కలిపేదెలా? ఎనభైమంది యూనిట్ టార్పాలిన్ల కింద కూర్చున్నారు. పదకొండుకి ఫోన్ చేస్తే ట్యాంకర్లు ఒంటిగంటకు వచ్చాయి, అర్ధరాత్రి కాబట్టి రేటు రెట్టింపు. టైం దాటినందుకు బత్తా పెరిగింది, జనరేటర్ డీజిల్ సరేసరి. అయినా సీన్ పూర్తికాలేదు. హీరోయిన్ డేట్లు మళ్లీ దొరికింది సంక్రాంతి తర్వాతే. అన్నాళ్లూ నిర్మాతగారి అప్పుకి వడ్డీ నడుస్తూనే ఉంది. ఈసారి భుజం తట్టలేదు లెండి.

అప్పట్నుంచి "ఇది అవసరమా" అని అడగడం మానేసి, "ఈ సీన్లో జనానికి ఏం కనపడాలి సార్" అని అడుగుతున్నాను. సగం ఖర్చు డైరెక్టరే తగ్గించేస్తాడు. మిగతాది సెట్లో కాదు, షెడ్యూల్ కాగితం మీద తగ్గించాలి. ఒక సినిమాలో హాస్పిటల్, లాయర్ ఆఫీసు, పోలీస్ స్టేషన్ ఊళ్లో మూడు మూలల రాసుకున్నారు. సాలిగ్రామం నుంచి సముద్రం వెంట ఉన్న ఈస్ట్ కోస్ట్ రోడ్డుకి లొకేషన్ షిఫ్ట్ అంటే సామాను ఎక్కించడం, ట్రాఫిక్, దించడం, మళ్లీ లైటింగ్... సగం కాల్షీట్, అంటే ఆరోజు షూటింగ్ టైంలో సగం, రోడ్డు మీదే పోతుంది. ఒక పాత బంగళా పట్టి, కింద హాస్పిటల్, మేడమీద లాయర్, కారు షెడ్డులో స్టేషన్ వేయించాం. ఆర్ట్ డైరెక్టర్ రెండు రోజులు నాతో మాట్లాడలేదు. మిగిలిన డబ్బుతో డైరెక్టర్ మొదట్నుంచీ అడుగుతున్న కోనేటి సీన్‌కి కావలసినంతమంది జూనియర్ ఆర్టిస్టులను ఇచ్చాను.

చిన్న చిన్న కోరికలతోనే అసలు టెన్షన్. డైరెక్టర్ సెట్లో "ఇక్కడో కుక్క ఉంటే బాగుంటుంది" అంటే నాకు కుక్క కనపడదు, ఫైలు కనపడుతుంది. జంతువుంటే జంతు సంక్షేమ బోర్డు అనుమతి ముందే తీసుకోవాలి, లేకపోతే సెన్సార్ దగ్గర ఆగుతుంది. ఆ ఆఫీసు ఒకప్పుడు చెన్నైలోనే ఉండేది, 2018లో హర్యానాలోని బల్లభ్‌గఢ్‌కి వెళ్లిపోయింది.

ఇక మీ సంగతి. తెలుగు పరిశ్రమ హైదరాబాద్ వెళ్లిపోయింది, వడపళనిలో వాహినీ స్టూడియో ఫ్లోర్లున్న చోట ఇప్పుడు మాల్ ఉంది. ఇక్కడ చేయాలంటే యూనిట్‌తో తమిళంలో బేరమాడగలగాలి. జీతం మొదట్లో తక్కువే, సినిమాకీ సినిమాకీ మధ్య ఖాళీ నెలలుంటాయి, కాబట్టి ఆర్నెల్ల ఇంటి అద్దె చేతిలో పెట్టుకుని రండి. ప్రొడక్షన్ మేనేజర్ దగ్గర అసిస్టెంటుగా ఒక్క షెడ్యూల్ చేయండి, వోచర్ల పని అడిగి మరీ తీసుకోండి. టీడీఎస్ (చెల్లింపుల్లో ముందే పట్టుకునే పన్ను) తెలిసిన కుర్రాడంటే ఎవరూ వదులుకోరు. సాయంత్రం ఆ వోచర్లను ఆరోజు తీసిన సీన్ పేపర్ పక్కన పెట్టి చూసుకోండి. మొదటి వారం టీ, టిఫిన్ల బిల్లు చూసి కంగారు పడకండి, అది ఎప్పుడూ అంతే.