టూర్ డి ఫ్రాన్స్ సైకిల్ రేసులో గెలిచేది ఒక్కరే కదా, జట్టులో మిగతా ఏడుగురు ఏం చేస్తారు?

ముఖ్యంగా గాలికి అడ్డు నిలుస్తారు. గంటకు 40 కిలోమీటర్ల వేగం దాటాక రైడర్ శక్తిలో ఎక్కువ భాగం గాలిని చీల్చడానికే ఖర్చవుతుంది. ముందువాడి చక్రాన్ని అంటిపెట్టుకుని తొక్కితే దాదాపు మూడో వంతు శ్రమ తగ్గుతుంది. 21 దశల్లో రోజూ మిగిలే ఈ శక్తే నాయకుడికి ఆల్ప్స్, పిరనీస్ కొండల్లో పనికొస్తుంది.

నీళ్లు మోసేదీ వాళ్లే. జట్టు కారు దాకా వెనక్కి వెళ్లి, అర లీటరు సీసాలు ఆరేడు జెర్సీలో, జేబుల్లో కుక్కుకుని, ఆ బరువుతోనే మళ్లీ గుంపును అందుకోవాలి. చూడటానికి చిన్న పనే, కాళ్లు మాత్రం పిండైపోతాయి.

నాయకుడి సైకిల్ చెడి, కారు దూరంగా ఉంటే తమది ఇచ్చేస్తారు. 2022లో ఐదో దశలో జట్టు నాయకుడు వింగెగార్డ్ అలాగే సహచరుడు వాన్ హూయ్‌డాంక్ సైకిల్ ఎక్కాడు. వాన్ హూయ్‌డాంక్ చాలా పొడగరి, వింగెగార్డ్‌కు సీటు అందలేదు, మళ్లీ మార్చాల్సి వచ్చింది. అయినా మరో సహచరుడు వాన్ ఆర్ట్ ముందుండి లాక్కొచ్చాడు కాబట్టి ప్రధాన ప్రత్యర్థి పోగచార్ కంటే 13 సెకన్లే వెనకబడ్డాడు. ఆ ఏడాది టూర్ వింగెగార్డ్‌దే.

కొండల్లో పని ముగిసిన సహాయకులు వెనక గుంపుగా కలిసి తొక్కుతారు. ఎందుకంటే దశ విజేత సమయాన్ని బట్టి గడువు ఉంటుంది, అది దాటితే పోటీ నుంచి ఔట్. 2024లో టూర్ విజేతకు 5 లక్షల యూరోలు. ఆ డబ్బును జట్టంతా పంచుకోవడం ఆనవాయితీ, అది న్యాయం కూడా.