జెఫ్ హాల్ గురించి రాస్తున్న అమ్మాయికి

అమ్మలూ,

నీ వ్యాసం మొన్న అందింది. రాత్రి ఒకసారి, పొద్దున కాఫీ తాగుతూ ఇంకోసారి చదివాను. 1950లలో ఇంగ్లండ్ ఫుట్‌బాల్ జట్టుకు ఆడిన ఒక రైట్ బ్యాక్, అంటే వెనక కుడి అంచు కాసే డిఫెండర్ గురించి తెలుగులో రాయాలని నీకు తోచినందుకు ముందుగా నా సంతోషం.

కానీ కథను ఆసుపత్రి మంచం దగ్గర మొదలుపెట్టావు. 29 ఏళ్ల ఆటగాడు, పోలియో, కదలని ఒళ్లు. చదివేవాళ్లకు అతనెవరో ఇంకా తెలియదు కదా! ముక్కూమొహం తెలియని మనిషి పోతే అయ్యో అనుకుని పేజీ తిప్పేస్తాం. ముందు అతన్ని ఆడనివ్వు.

1956 మే నెల తీసుకో. హాల్ ఆడే క్లబ్బు బర్మింగ్‌హామ్ సిటీ ఆ ఏడాది సొంత మైదానంలో ఒక్క మ్యాచ్ కూడా ఆడకుండా, ప్రతి రౌండూ ఎవరో ఒకరి ఊరికి వెళ్లి గెలుస్తూ ఇంగ్లండ్ క్లబ్బుల నాకౌట్ పోటీ ఎఫ్ఏ కప్ ఫైనల్ దాకా వచ్చింది. మే 5న లండన్‌లోని వెంబ్లీ మైదానంలో మాంచెస్టర్ సిటీ చేతిలో 3-1తో ఓడింది. మెడ ఎముక విరిగినా చివరిదాకా గోల్‌పోస్ట్ వదలని మాంచెస్టర్ గోల్‌కీపర్ ట్రౌట్‌మన్ వల్ల ఆ మ్యాచ్ అందరికీ గుర్తుంది. ఓడిన జట్టు రైట్ బ్యాక్ ఎవరికి గుర్తుంటాడు? సరిగ్గా నాలుగు రోజులకు అదే వెంబ్లీలో, ఈసారి ఇంగ్లండ్ జెర్సీలో, హాల్ బ్రెజిల్ ముందు నిలబడ్డాడు. అవతల దీదీ, జాల్మా సాంటోస్, నిల్టన్ సాంటోస్. ఇంకో రెండేళ్లకు ప్రపంచ కప్ ఎత్తబోయేవాళ్లు. ఇంగ్లండ్ 4-2తో గెలిచింది. టేలర్ రెండు గోల్స్, గ్రెయింజర్ రెండు.

మరి హాల్ ఏం చేశాడు? నీ వ్యాసంలో అసలు కష్టం ఇక్కడే ఉంది, నువ్వు దాన్ని దాటేసి వెళ్లిపోయావు. డిఫెండర్ చేసిన పని స్కోరు బోర్డు మీద కనబడదు. పడని గోల్‌ను ఎవరు లెక్క రాస్తారు? ఆ రోజుల్లో ఫుల్‌బ్యాక్, అంటే హాల్‌లా అంచు కాసే డిఫెండర్, ఇప్పటిలా పైకి ఉరికి గోల్స్‌లో చెయ్యి వేసేవాడు కాదు. తన వైపు అంచు వెంట దూసుకొచ్చే ఎదుటి వింగర్‌ను లైను పక్కకే నెట్టుకుంటూ పోవాలి, లోపలికి తిరగనివ్వకూడదు, ఒకసారి దాటిపోతే వెనక పరుగెత్తి మళ్లీ అందుకోవాలి. ఆ పరుగును నువ్వు నాకు చూపించాలి. ఆ కాళ్లు నా కళ్ల ముందు ఆడాలి.

అతనికి జోడీ లెఫ్ట్ బ్యాక్ రోజర్ బర్న్. ఇద్దరూ 1929లోనే పుట్టారు. హాల్ ఇంగ్లండ్‌కు ఆడిన 17 మ్యాచ్‌ల్లోనూ రెండో వైపు బర్నే ఉన్నాడు. ఆ పదిహేడింటిలో ఓడింది ఒక్కటే, కార్డిఫ్‌లో వేల్స్ మీద.

ఇప్పుడు బ్రెజిల్ మీద ఆడిన పదకొండు పేర్లు ఒక కాగితం మీద రాసుకుని చూడు. బర్న్, టామీ టేలర్, డంకన్ ఎడ్వర్డ్స్ ముగ్గురినీ 1958 ఫిబ్రవరిలో మ్యూనిక్ విమాన ప్రమాదం బలి తీసుకుంది. 1959 ఏప్రిల్ 4న హాల్ పోయాడు. మూడేళ్లు తిరక్కుండా పదకొండు మందిలో నలుగురు లేరు. ఈ మాట నీ వ్యాసంలో ఎక్కడా లేదు. విశేషణం ఒక్కటీ తగిలించకుండా మధ్యలో పెట్టు, చాలు.

ఆసుపత్రిలో అతనూ భార్యా మాట్లాడుకున్నట్టు రాసిన సంభాషణ కొట్టెయ్యి. ఆ గదిలో మనం లేము. దాని బదులు నిజంగా ఉన్నవి పెట్టు. ఎంత పేరున్న ఆటగాడికైనా వారానికి 20 పౌండ్లకు మించి జీతం ఇవ్వకూడదన్నది అప్పటి నియమం. మార్చి 21, శనివారం, పోర్ట్స్‌మత్‌లో ఆఖరి మ్యాచ్. రెండు వారాలు గడిచి, మళ్లీ శనివారం వచ్చేసరికి మనిషి లేడు.

'ఒక మరణం దేశాన్ని కదిలించింది' అన్న వాక్యం కూడా వద్దు. ఏం కదిలిందో చెప్పు. బ్రిటన్‌లో పోలియో టీకా 1956 నుంచే ఉంది. పెద్దపిల్లలకూ, యువకులకూ ఇస్తామన్నా చాలామంది రాలేదు. పిల్లల జబ్బు, మనకెందుకొస్తుందిలే అనుకున్నారు. హాల్ పోయాక టీకా కేంద్రాల ముందు క్యూలు కట్టారు. అతని భార్య టీవీలో మాట్లాడారు. వాళ్లంతా ఎందుకు వచ్చారో ఆలోచించు. నిన్నగాక మొన్న శనివారం ఆ కాళ్లు పరుగెత్తడం చూశారు కాబట్టి. ఆ కాళ్లకే దిక్కులేకపోతే మన కాళ్ల సంగతేమిటని భయపడ్డారు. ఆట ముందు రాయమని ఇంతగా చెప్పడం అందుకే.

పోలియో అంటే ఏమిటో వైద్య పుస్తకంలోంచి రెండు పేరాలు ఎత్తి రాశావు. అవసరం లేదు. మా క్లాసులో కాలికి ఇనప పట్టీల కాలిపర్ వేసుకుని వచ్చేవాడు ఒకడుండేవాడు. ఆటల పీరియడ్‌లో మా చొక్కాలన్నీ విప్పి అతని ఒళ్లో పడేసి ఆడుకోవడానికి పోయేవాళ్లం. ఇప్పటికీ ఆ చొక్కాల కుప్ప వెనక అతని మొహం గుర్తొస్తే కడుపులో దేవినట్టవుతుంది. మన దేశంలో సహజ పోలియో వైరస్ వల్ల వచ్చిన ఆఖరి కేసు 2011 జనవరిలోది, కాబట్టి నీ వయసువాళ్లు అలాంటి పిల్లల్ని చూసి ఉండరు. మీ అమ్మమ్మను అడుగు, వాళ్ల వీధిలో ఎంతమంది ఉండేవారో చెబుతుంది. ఆమె మాటల్లో ఒక్కటి నీ పేరాలో పడితే బాగుంటుంది.

బర్మింగ్‌హామ్ సిటీ వాళ్ల సెయింట్ ఆండ్రూస్ మైదానంలో హాల్ పేరిట పెట్టిన గడియారం ముక్క బాగుంది, దాన్ని కదపకు. రెండో ప్రతి ఉగాది లోపు పంపు. బ్రెజిల్ మ్యాచ్ పేరా ముందు రాసి, అది ఒక్కటే ఇంకా ముందు పంపినా సరే.

ఆశీస్సులతో,
బాబాయి