నృత్య, నాటక కేంద్రానికి సౌర ఫలకాల కన్నా ముందు చూడవలసినవి

మహబూబ్‌నగర్‌లో వాడకం లేని గోదామును నృత్యానికి, నాటకానికి కేంద్రంగా మార్చాలనుకుంటున్నామని, కప్పు మీద సౌర ఫలకాలు పెడితే అది పర్యావరణహితమైనట్టేనా అని మీరు అడిగారు. నల్లగొండలో ఒక నాటక సమాజానికి నేను చాలా ఏళ్లుగా లైటింగ్ చూస్తున్నాను. మేమూ పాత ధాన్యం గోదామునే చిన్న రంగస్థలంగా మార్చుకున్నాం. ఆ అనుభవంతో చెప్పగలిగేది ఏమిటంటే, ఫలకాల సంగతి చివర చూసుకోవచ్చు, ముందు వేడిని తగ్గించాలి. ఉన్న గోడలను నిలుపుకుంటున్నారు కనుక కొత్త ఇటుక, సిమెంటు, ఉక్కు తయారీకి పట్టే ఇంధనం ఇప్పటికే మిగిల్చినట్టే.

లోపల పుట్టే వేడిలో పెద్ద వాటా లైట్లది. రంగస్థలం మీద వాడే పాతరకం పార్ లైటు ఒక్కొక్కటి 1000 వాట్లు తీసుకుంటుంది. అవి 20 వెలిగితే 20 కిలోవాట్లు, అందులో దాదాపు అంతా చివరకు వేడిగానే మారుతుంది. ఒక టన్ను ఏసీ సుమారు 3.5 కిలోవాట్ల వేడిని మాత్రమే బయటికి పంపగలదు కనుక, ఆ లైట్ల కోసమే దాదాపు 6 టన్నుల ఏసీ కావాలి. 200 వాట్ల ఎల్‌ఈడీలు వాడితే అదే 20 లైట్లకు 4 కిలోవాట్లు చాలు. కూర్చున్న మనిషి ఒంటి నుంచి సుమారు 100 వాట్ల వేడి వస్తుంది. 200 మంది ప్రేక్షకుల వేడిని తగ్గించలేం, లైట్ల వేడిని తగ్గించగలం. అయితే చవకరకం ఎల్‌ఈడీల కింద పట్టుచీరల ఎరుపు, ముఖానికి వేసిన రంగు పాలిపోయి కనిపిస్తాయి. అందుకే మేము ఆహార్యంతో (వేషం, అలంకరణతో) ఉన్న నటులను నిలబెట్టి, లైటు వేసి చూసిన తర్వాతే కొన్నాం. మీరూ అలాగే చేయండి.

రేకుల కప్పుతో రెండు ఇబ్బందులు ఉన్నాయి. మన వేసవిలో అది లోపలిని కాల్చేస్తుంది, వాన పడితే సంభాషణ ఒక్కటీ వినపడనివ్వదు. పైన తెల్లని పూత వేసి, కింద కొంత ఖాళీ వదిలి మంట అంటుకోని రాక్‌వూల్ (రాతి నారతో చేసిన) పలకలు బిగిస్తే రెండూ తగ్గుతాయి. తాటాకు, గడ్డి సహజమైనవని కొందరు సలహా ఇస్తారు కానీ, లైట్లు, తెరలు, జనం ఒకే చోట ఉండే కట్టడంలో వాటిని నేను ఒప్పుకోను. గోడల పైభాగంలో వెంటిలేటర్లు పెట్టి రాత్రంతా తెరిచి ఉంచితే గోడలు చల్లబడతాయి.

నేల విషయంలో పొదుపు చేయకండి. పేరిణి, కూచిపూడి సాధన చేసేవారు బండల మీద రోజూ పాదం కొడితే మోకాళ్లు దెబ్బతింటాయి. చెక్క దూలాలు పరిచి, కింద గాలి ఖాళీ ఉంచి, పైన పలకలు బిగించాలి. కూల్చిన పాత ఇళ్ల టేకు దొరికితే మేలు, ఏ చెక్క వాడినా ముందుగా చెదల మందు పట్టించాలి. మా పిల్లలు ఆ నేల మీద అలసట లేకుండా సాధన చేయడం చూస్తుంటే ఖర్చంతా సార్థకమైందనిపిస్తుంది.

ఆవరణ ఉంటే దాన్ని కట్టడంతో నింపకండి. చిందు యక్షగానం రాత్రివేళ ఊరి నడుమ ఆరుబయట ఆడిన ఆట. చెట్టు పక్కన ఒక అరుగు కడితే ఏడాదిలో ఎన్నో ప్రదర్శనలకు ఏసీ అవసరమే ఉండదు. బెంగళూరు దగ్గర 1990లో మొదలైన నృత్య గురుకులం నృత్యగ్రామ్‌ను మీ బృందం ఒకసారి చూసి రావాలి. స్థానికమైన రాయి, మట్టితో నృత్యానికి ఎలాంటి చోటు కట్టవచ్చో అక్కడ తెలుస్తుంది. 500 చదరపు మీటర్ల కప్పు మీద 600 మిల్లీమీటర్ల వాన పడితే 3 లక్షల లీటర్లు వస్తాయి, దానికీ తొట్టి కట్టించండి.

ఇక ఫలకాలు. ప్రదర్శనలు సాయంత్రం, ఎండ పగలు. అందువల్ల పగటి కరెంటును బ్యాటరీలో దాచుకోవాలా, నెట్ మీటరింగ్ (మిగిలిన కరెంటును గ్రిడ్‌కు ఇచ్చి బిల్లులో తగ్గించుకునే పద్ధతి) తీసుకోవాలా అన్నది ముందే తేల్చుకోవాలి. పాత రేకుల కింది ఇనుప చట్రం ఫలకాల బరువును, గాలి తాకిడిని తట్టుకుంటుందో లేదో స్ట్రక్చరల్ ఇంజనీరు చేత పరీక్ష చేయించి, రాతపూర్వకంగా నివేదిక తీసుకున్నాకే ఆర్డరు ఇవ్వండి.