240 రోజులు చేస్తే ఆర్టీసీలో పర్మినెంట్ అయిపోతారా?

లేదు, టెంపరరీగా ఎన్నేళ్లు చేసినా ఆ సర్వీసు ఒక్కటే చూపించి పర్మినెంట్ హక్కు అడగలేరు. మంజూరైన ఖాళీ ఉండాలి, అందరికీ అవకాశమిచ్చి నియామకం జరపాలి. 2006లో ఉమాదేవి కేసులో సుప్రీంకోర్టు చెప్పింది ఇదే. అలాంటి ఖాళీల్లో పదేళ్లు పైబడి చేసినవాళ్లను ఒక్కసారికి పరిశీలించమనీ అంది. ఆశ చావనిది అందుకే.

ఎవరి దగ్గర ఉద్యోగమన్నదీ ముఖ్యమే, కడపలో తిరిగే అద్దె బస్సునే చూడండి. కండక్టర్ ఆర్టీసీ మనిషి, డ్రైవర్‌కు జీతమిచ్చేది బస్సు యజమాని. 2020 జనవరి 1న ఆర్టీసీ ఉద్యోగులు ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వంలో విలీనమైనప్పుడు రెగ్యులర్ కండక్టర్ ప్రభుత్వోద్యోగి అయ్యాడు, అదే బస్సు నడిపే డ్రైవర్ కాలేదు.

చాలామంది పట్టుకు వేలాడే 240 రోజుల లెక్క పారిశ్రామిక వివాదాల చట్టం నాటిది. ఏడాదిలో అన్ని రోజులు చేసినవాళ్లను తీసేయాలంటే నోటీసు, పరిహారం ఇవ్వాలి, అంతవరకే.