మైన్‌క్రాఫ్ట్ వీడియో గేమ్‌లో సేద్యం: పాఠకుల ప్రశ్నలు, సమాధానాలు

ప్రశ్న: సర్వైవల్ ప్రపంచంలో (తిండి మనమే సంపాదించుకుంటూ బతకాల్సిన ఆట తీరులో) గడ్డి కోసినప్పుడు గోధుమ విత్తనాలు దొరుకుతున్నాయి గానీ క్యారెట్లు, బంగాళాదుంపలు ఎక్కడా కనిపించడం లేదు. వాటి విత్తనాల కోసం ఎక్కడ వెతకాలి?
– తొమ్మిదో తరగతి విద్యార్థి, తెనాలి

సమాధానం: ఎంత గడ్డి కోసినా ఆ రెండూ రావు, బాబూ. గడ్డి ఇచ్చేది గోధుమ విత్తనం ఒక్కటే, అదీ సగటున ఎనిమిదిసార్లకు ఒకసారి. క్యారెట్‌కూ బంగాళాదుంపకూ వేరే విత్తనం లేదు. తినే దుంపనే దున్నిన నేలలో నాటాలి. 2012లో ఆటలో చేరిన ఈ రెండు పంటలూ ఎక్కువగా దొరికేది గ్రామాల్లో, గ్రామస్థులు సాగు చేసే మడుల్లో. అక్కడ పండిన మొక్కను కోసుకున్నందుకు గ్రామస్థులు గానీ వారిని కాపాడే ఇనుప గోలెం గానీ నీ మీదికి రారు. కోసిన చోట మళ్లీ ఒకటి నాటి వస్తే, ఆ ఊరి మడి నీకు తర్వాత కూడా పనికివస్తుంది.

గ్రామం దొరకకపోతే సముద్రంలో మునిగిన ఓడల్లోని ఆహారపు పెట్టెల్లోనూ, పిల్లజర్ల (గ్రామాల మీద దాడి చేసే దోపిడీదారుల) కావలి బురుజుల్లోని పెట్టెల్లోనూ వెతుకు. జాంబీలను చంపినప్పుడు కూడా అరుదుగా ఒక క్యారెట్టో, ఒక బంగాళాదుంపో పడుతుంది గానీ, ఆ దారిని నమ్ముకొని కూర్చోవడం మంచిది కాదు. ఎక్కడ దొరికినా ఒక్కటి చాలు. ఆకలిగా ఉన్నా దానిని తినకు. పండిన ఒక్కో మొక్క రెండు నుంచి ఐదు దాకా ఇస్తుంది కాబట్టి, మూడు నాలుగు కోతల్లో ఒక మడికి సరిపడా విత్తనం సమకూరుతుంది. బీట్‌రూట్ సంగతి వేరు. దానికి ప్రత్యేకంగా విత్తనాలు ఉన్నాయి. కొన్ని గ్రామాల్లోనూ, పాడుబడిన గనుల పెట్టెల్లోనూ అవి కనిపిస్తాయి.

ప్రశ్న: పెద్ద పొలం నిండా గోధుమే వేశాను. మధ్యలో ఒక కాలువ తీశాను. రాత్రి మంచం మీద నిద్రపోతే పైరు త్వరగా ఎదుగుతుందని స్నేహితులు చెప్పారు, అలాగే చేస్తున్నాను. అయినా పంట చాలా ఆలస్యంగా వస్తోంది. ఎందుకు?
– ఇంజినీరింగ్ విద్యార్థిని, వరంగల్

సమాధానం: ముందుగా నిద్ర సంగతి. మంచం మీద పడుకుంటే గడియారం తెల్లవారుజాముకు దూకుతుందే తప్ప, పైరుకు ఆ రాత్రి కాలం కలిసిరాదు. నిద్ర వల్ల రాక్షసుల బెడద తప్పుతుంది, అంతవరకే.

పైరు ఎలా ఎదుగుతుందో తెలిస్తే మీ పొలంలో లోపం ఎక్కడుందో మీకే తెలిసిపోతుంది. (ఈ లెక్కలన్నీ కంప్యూటర్‌లో ఆడే జావా ఎడిషన్‌వి.) ఆట ప్రతి మొక్కనూ ప్రతి క్షణం పట్టించుకోదు. ప్రపంచాన్ని పొడవు, వెడల్పు, ఎత్తు 16 బ్లాకులు (ఆట లోకంలోని ఒక్కో గడి ఒక బ్లాకు) ఉండే ఘనాలుగా విభజించుకొని, సెకనుకు 20 సార్లు ఒక్కో ఘనంలో ఏవో మూడు బ్లాకులను చీటీలు తీసినట్టు ఎంచుకుంటుంది. ఆ లెక్కన ఒక మొక్కకు సగటున 68 సెకన్లకు ఒకసారి వంతు వస్తుంది. వంతు వచ్చిన ప్రతిసారీ మొక్క ఎదగాలని కూడా లేదు. ఎదిగే అవకాశం ఎంత అన్నది దాని కింది నేలను బట్టి, చుట్టూ ఉన్న ఎనిమిది గడులను బట్టి ఉంటుంది. గోధుమ మొలక కోతకు రావాలంటే అలా ఏడుసార్లు ఎదగాలి.

మొక్క కింది నేల తడిసి ఉంటే 4 పాయింట్లు, పొడిగా ఉంటే 2. చుట్టూ దున్నిన గడుల్లో తడిగా ఉన్న ఒక్కోదానికి 0.75, పొడిగా ఉన్నదానికి 0.25 కలుస్తాయి. నేలంతా తడిసి ఉంటే మొత్తం 10 పాయింట్లు అవుతాయి, అప్పుడు వంతు వచ్చిన ప్రతిసారీ మొక్క ఎదిగే అవకాశం మూడింట ఒకటి. అయితే అదే పంట మూలల్లో ఉన్నా, లేదా నాలుగు దిక్కుల్లో అటు పొడవునా ఇటు అడ్డంగానూ ఆనుకొని ఉన్నా ఆ పాయింట్లు సగానికి పడిపోతాయి. మీ పొలానికి పట్టిన పీడ ఇదే. అంతా గోధుమే కాబట్టి, నీరు అందిన చోట కూడా అవకాశం ఆరింట ఒకటికి దిగిపోయింది; నీరు అందని చోట అది పదమూడింట ఒకటి.

దీన్ని కాలంలోకి మార్చి చూడండి. తడి నేలలో ఒక సాలు గోధుమ, పక్క సాలు క్యారెట్, మళ్లీ గోధుమ అన్నట్టు వేస్తే ఒక మొక్క పండడానికి సగటున 24 నిమిషాలు పడుతుంది. అదే తడి నేలలో అంతా గోధుమే అయితే 48 నిమిషాలు. పొడి నేలలో అంతా గోధుమే అయితే గంటా నలభై నిమిషాలు దాటుతుంది. నేల అదే, విత్తనం అదే, సాళ్లు మార్చినందుకే కాలం సగానికి తగ్గుతుంది. ఆటలో కొత్తవారికి నేను అన్నిటికన్నా ముందుగా చెప్పాలనుకునేది ఈ ఒక్క మాటే: పొలం పెంచే ముందు సాళ్లు సరిచేసుకోండి.

ఇక నీరు. ఒక నీటి గడి తన చుట్టూ అన్ని వైపులా నాలుగు గడుల దూరం తడుపుతుంది, అంటే తొమ్మిదికి తొమ్మిది గడుల మడిలో మధ్యన ఒక్క నీటి గడి ఉంటే మిగిలిన 80 గడులూ తడుస్తాయి. నీరు నేలతో సమానంగానో, ఒక బ్లాకు ఎత్తులోనో ఉండాలి. పల్లంలో ఉంటే తడపదు. కాలువకు అటు నాలుగు, ఇటు నాలుగు సాళ్లు మాత్రమే పెట్టుకొని, ఆ తర్వాత మరో కాలువ తీయండి. మీది ఒకే కాలువ కాబట్టి, పొలం అంచుల్లో పొడి నేల ఉందేమో రంగు చూసి గుర్తుపట్టండి; తడిసిన నేల ముదురు రంగులో ఉంటుంది.

మరొక సంగతి. మీరు పొలానికి దూరంగా వెళ్లిపోతే అక్కడ పైరు ఆగిపోతుంది. గనిలో తవ్వుకుంటూ కాలం గడిపి, తిరిగి వచ్చి, ఇంకా పండలేదని బాధపడేవారు చాలామంది ఉన్నారు. పొలాన్ని మీ ఇంటికీ గనికీ దగ్గర్లో పెట్టుకోవడమే దీనికి మందు. తొందరగా కావాలనుకున్న నాలుగు మొక్కలకు బోన్ మీల్ (ఎముకల పొడి ఎరువు) వేయండి. ఒక్కసారికి గోధుమ రెండు నుంచి ఐదు దశలు ముందుకు వెళుతుంది.

ప్రశ్న: నేను పొలంలో తిరిగిన తర్వాత కొన్ని మొక్కలు ఊడిపోయి, నేల మామూలు మట్టిగా మారుతోంది. కంచె లేదు. నడవడం వల్లనే ఇలా జరుగుతోందా?
– పాఠకుడు, హైదరాబాద్

సమాధానం: నడక వల్ల కాదు, దూకడం వల్ల. దున్నిన నేల మీదికి దూకితే అది మట్టిగా మారి మొక్క ఊడిపోతుంది. పశువులు దూకినా ఇదే జరుగుతుంది. కంచె వేసి, గేటు పెట్టి, లోపల దూకకుండా నడవండి. కుందేళ్లు క్యారెట్ మొక్కలను తినేస్తాయి కాబట్టి ఆ పంట ఉంటే కంచె తప్పనిసరి. కాలువలో పడి, పైకి ఎక్కడానికి దూకే అవసరం రాకుండా నీటి మీద తామరాకు వేయండి.

ప్రశ్న: మాది వేరుశనగ పండించే కుటుంబం. మా అబ్బాయి ఈ ఆటలో సాళ్లు మార్చి పంటలు వేస్తున్నాడు. మేము చేలో కంది సాళ్లు వేసేది కూడా ఇందుకేనా అని అడుగుతున్నాడు. ఏమని చెప్పాలి?
– ఒక తండ్రి, అనంతపురం జిల్లా

సమాధానం: అయ్యా, కారణం వేరని స్పష్టంగా చెప్పండి. ఆటలో పక్క సాలు వేరే పంట అయితే చాలు, అది ఏ పంట అన్నది లెక్క కాదు. రెండూ ఒకదానికొకటి ఏ మేలూ చేయవు. ఒకే పంటను గుట్టగా వేస్తే నెమ్మదిగా ఎదిగేలా ఆట తయారు చేసినవారు నియమం పెట్టారు, అంతే. మీ చేలో వేరుశనగ ముందు కోతకు వస్తుంది, లోతుగా వేళ్లు దిగే కంది తర్వాత వచ్చే వానలనూ నేలలో మిగిలిన తేమనూ వాడుకుంటుంది, ఒకటి దెబ్బతిన్నా రెండోది చేతికి వస్తుందన్న ఆశ ఉంటుంది. ఆటలో నేల సారం తగ్గదు, తెగులు రాదు, ఖరీఫ్, రబీ అన్న తేడా లేదు, వాన పడకపోయినా ఒక్క బకెట్ నీరు ఎన్నటికీ ఇంకదు. మీ అబ్బాయి అడిగిన ప్రశ్న చాలా మంచిది. వచ్చే పంటకు విత్తేటప్పుడు అతన్ని చేలోకి తీసుకువెళ్లి, ఎన్ని వేరుశనగ సాళ్లకు ఒక కంది సాలు వేస్తున్నారో, ఎందుకో అక్కడే చూపించండి.

ప్రశ్న: గుమ్మడి పాదు పూర్తిగా ఎదిగింది, కాయ మాత్రం కాయడం లేదు. చెరుకుకు బోన్ మీల్ వేసినా పెరగడం లేదు.
– గృహిణి, విశాఖపట్నం

సమాధానం: అమ్మా, పాదుకు నాలుగు వైపులా వేరే మొక్కలు నాటి ఉంటారు. కాయ పాదు మీద కాయదు, పక్క గడిలో కాస్తుంది. ఆ గడిలో మట్టి గానీ గడ్డి నేల గానీ దున్నిన నేల గానీ ఉండి, దానిపైన ఖాళీ ఉండాలి. ఒక్క వైపు ఖాళీ చేయండి. పుచ్చకాయకూ ఇదే పద్ధతి. చెరుకు విషయానికి వస్తే, జావా ఎడిషన్‌లో దానికి బోన్ మీల్ పనిచేయదు. ఫోన్‌లో ఆడే బెడ్‌రాక్ ఎడిషన్‌లో మాత్రమే పనిచేస్తుంది. చెరుకు నిలిచిన బ్లాకును ఆనుకొని నీరు ఉంటే అది దానంతట అదే మూడు బ్లాకుల ఎత్తు పెరుగుతుంది. కోసేటప్పుడు అడుగు బ్లాకు వదిలి పై రెండూ కోయండి, మళ్లీ నాటే పని ఉండదు.